బస్తా వచ్చిందా?

కోదాడ పోయి ఇటలీ వంట నేర్చుకుని రమ్మని చిన్న ఫాదర్ చెప్పినప్పుడు నేను బియ్యంలో రాళ్లు ఏరుతున్నాను. చేట కింద పెట్టి ఆయన ముఖం చూశాను. వేళాకోళమేమో అనుకున్నాను గానీ, ఆయన వేళాకోళం చేసే రకం కాదు.

"నాకు వంట రాదా ఫాదర్?" అన్నాను.

"రాదని ఎవరన్నరు? కోదాడ కాన్వెంటుకు ఇటలీ నుంచి కొత్త సిస్టరు వచ్చింది. హాస్టళ్లల్ల వండేటోళ్లు నలుగురికి నేర్పిస్తదంట. నీ పేరు గూడ ఇచ్చిన. పేతురు ఫాదర్ కోసం."

పేతురు ఫాదర్ అసలు పేరు పియెత్రో. మా ఊరి నోళ్లలో పడి పేతురు అయ్యాడు. పాలకీడుకు అవతల మా ఊళ్లో బడి, హాస్టలు, చర్చి అన్నీ ఆయన కట్టించినవే. నేను లంగా కట్టుకుని తిరిగే వయసులో ఇటలీ నుంచి వచ్చాడు. నా మొగుడు పోయి, చంకలో పిల్లతో దిక్కులు చూస్తున్నప్పుడు హాస్టలు వంటిల్లు నాకు అప్పగించాడు. అప్పటి నుంచి ఆయన తిన్నదంతా నా చేతి వంటే. పచ్చిపులుసు, ముద్దపప్పు, గోంగూర తొక్కు, ఏది పెట్టినా చేత్తో కలుపుకుని వేళ్లు నాకేవాడు. కలెక్టరునైనా పాలేరునైనా నువ్వు అనే పిలిచేవాడు. ఆయనకు తెలుగు నేర్పింది బర్లు కాసే పిల్లలు మరి.

పందొమ్మిది వందల ఎనభై తొమ్మిది నాటికి ఆయనకు మతిమరుపు ముదిరింది. మొదట నా పేరు తప్ప మిగతా మనుషుల పేర్లు పోయాయి. తర్వాత ఎవరూ అనుకోని విధంగా ఆయన సొంత భాషే పోయింది. ఇటలీ నుంచి చెల్లెలు రాసిన ఉత్తరం చేతికిస్తే అటూ ఇటూ తిప్పి, "ఇది నాది గాదు" అని తిరిగి ఇచ్చేశాడు. మిగిలింది మా తెలుగు ఒక్కటే. అది కూడా రోజురోజుకూ సన్నబడుతోంది. ఇక ఆయన్ని ఇటలీ తీసుకుపోయి ముసలి ఫాదర్లు ఉండే ఇంట్లో పెట్టాలని వాళ్ల సంస్థవాళ్లు అనుకున్నారు. చూసి పోవడానికి అక్కడి నుంచి ఒక పెద్దాయన వస్తున్నాడట.

"ఇటలీ తిండి కడుపుకు అలవాటు గావాలె," అన్నాడు చిన్న ఫాదర్. "పెద్దాయన వచ్చేటాళ్లకు నువ్వు అదే వండి పెట్టాలె. మంచిగ తింటున్నడంటే తీస్కపోతడు."

"తినకుంటే?"

చిన్న ఫాదర్ గడియారం చూసుకున్నాడు. "రేపు పొద్దుగాల బస్సుకు పో," అన్నాడు.

నా ఒళ్లు మండిపోయింది. పేతురు ఫాదర్‌ను సాగనంపడానికి పనికొచ్చే వంట నేనే నేర్చుకోవాలి, నేనే వండాలి, నేనే దగ్గర నిలబడి తినిపించాలి. ఇంతకంటే దిక్కుమాలిన పని ఇంకొకటి ఉంటుందా? కాదంటే ఇంకెవరినో పంపుతారు. ఇంకొకరు పెడితే ఆయన తినడు. ఎందుకు తినడో మాత్రం ఎవరికీ పట్టదు.

తినే ముందు ఆయనకు ఒక మాట చెప్పాలి. కరువు ఏళ్లలో హాస్టల్లో బియ్యం నిండుకుంటే ఆయన మోటార్‌సైకిల్ వేసుకుని మిర్యాలగూడ పోయేవాడు. రైసుమిల్లుల ముందు నిలబడి, షావుకార్లను బతిమాలి, బస్తా వెనక కట్టుకుని వచ్చేవాడు. బస్తా వచ్చి పిల్లలు తినేదాకా తాను ముద్ద ముట్టేవాడు కాదు. ఇప్పుడు మా స్టోరు గదిలో బస్తాల మీద బస్తాలు ఉన్నాయి. ఆయన బుర్రలో మాత్రం ఆ కరువు తీరలేదు. పళ్లెం పెట్టగానే చెయ్యి వెనక్కి తీసుకుని అడుగుతాడు.

"మరియమ్మా, బస్తా వచ్చిందా?"

"వచ్చింది ఫాదర్. పిల్లలు తిన్నరు. ఇగ మీరు తినుండ్రి."

అప్పుడే చెయ్యి పళ్లెంలోకి పోతుంది. ఈ మధ్య ఆ ప్రశ్న కూడా అరిగిపోయింది. పళ్లెం చూసి "బస్తా" అంటాడు, అంతే. నేను మాత్రం జవాబు పూర్తిగా చెబుతాను. చిన్న ఫాదర్ తన గదిలో తింటాడు గనుక ఆయనకు ఈ సంగతి తెలియదు.

నేను లేనప్పుడు పళ్లెం పెట్టాల్సిన మా వదిన వెంకటనర్సమ్మ చేత ఆ జవాబు నాలుగుసార్లు అప్పజెప్పించి బస్సెక్కాను. హుజూర్‌నగర్ దాకా నిలబడే పోయాను. అక్కడ సీటు దొరికిందని సంబరపడేలోపు పక్కనామె కోళ్లగంప నా ఒళ్లో పెట్టి, పిల్లవాడికి పాలిస్తూ నిద్రపోయింది. కోదాడలో దిగేసరికి నా చీర చూసి నాకే ఏడుపొచ్చింది.

కాన్వెంటు వంటింట్లో మేం నలుగురం. సూర్యాపేట మగపిల్లల హాస్టల్లో వండే సైదయ్య, మిర్యాలగూడ దగ్గరి తండా నుంచి వచ్చిన నీలా, ఆ కాన్వెంటులోనే వండే పిచ్చమ్మ, నేను. నేర్పే సిస్టర్ ఆంజెలా పొడుగు మనిషి. తెలుగు ఒక్క ముక్క రాదు. ఆమె వచ్చీరాని ఇంగ్లీషులో చెబితే బడిలో పాఠాలు చెప్పే రూతమ్మ టీచర్ మాకు తెలుగులో చెప్పాలి. రూతమ్మ టీచర్‌కు వంట రాదు. వాళ్లింట్లో అమ్మే చేస్తుందట. వంట రాని మనిషి నోటి మీదుగా వంట నేర్చుకోవడం ఎంత నరకమో అనుభవించిన వాళ్లకే తెలుస్తుంది.

మొదటి రోజంతా టమాటాలే. తొక్క తీశాం, గింజలు తీశాం, పొయ్యి మీద పెట్టి చేతులు పడిపోయేదాకా కలిపాం. అందులో మిరపకాయ లేదు, చింతపండు లేదు. ఒక ఎల్లిపాయ రెబ్బ వేయించి, వాసన రాగానే తీసి పారేయమంది సిస్టరు. వేసిన ఎల్లిపాయను పారేయడం నేను పుట్టి బుద్ధెరిగాక చూడలేదు. ఆవిడ చూడకుండా నోట్లో వేసుకున్నాను.

"జర కారం ఎయ్యనియ్యమను టీచర్," అన్నాడు సైదయ్య. "జరమొచ్చినోళ్లకు పెట్టేటట్టున్నది."

రూతమ్మ టీచర్ చెప్పింది. సిస్టరు నవ్వి తల అడ్డంగా ఊపింది.

రెండో రోజు పిండి కలపడం. బల్ల మీద మైదా కుప్ప పోసి, నడుమ గుంట చేసి, అందులో గుడ్లు కొట్టి పోయాలి. నీళ్లు వెయ్యకూడదు. జిగురు అంటుకోకుండా కొంచెం కొంచెం పిండి చల్లుతూ కలపాలి. నేను కలుపుతున్నాను, సైదయ్య దోసిళ్లతో చల్లుతున్నాడు.

"బస్తా," అంది సిస్టరు.

సైదయ్య నన్ను చూశాడు. నేను రూతమ్మ టీచర్‌ను చూశాను.

"బస్తా తెమ్మంటున్నారు," అంది రూతమ్మ టీచర్.

మైదా బస్తా స్టోరు గదిలో ఉంది. సైదయ్య, పిచ్చమ్మ కలిసి దాన్ని ఈడ్చుకొచ్చారు. సైదయ్య చేటతో ముంచి బల్ల మీద కుమ్మరించాడు. సిస్టరు రెండు చేతులూ అడ్డం పెట్టి, "బస్తా, బస్తా," అంది.

"తెచ్చినం గద సిస్టర్, ఇదేనాయె," అని సైదయ్య బస్తా మీద చరిచాడు. పిండి లేచి ఆమె కళ్లద్దాల మీద పడింది.

"రెండుసార్లు అన్నది గద అక్కా," అని నీలా నా చెవిలో గొణిగింది. "ఇంకోటి గూడ తెమ్మంటున్నదేమో."

సైదయ్యకూ అదే అనిపించినట్టుంది, స్టోరు గదికి బయల్దేరాడు. సిస్టరు ఆయన చొక్కా పట్టుకుని ఆపి, ఇంగ్లీషులో గట్టిగా ఏదో అంది. రూతమ్మ టీచర్ ముఖం కందిపోయింది.

"అది తెలుగు మాట కాదటండీ. వాళ్ల భాషలో బస్తా అంటే చాలు, ఇక ఆపమని అర్థమట."

పిచ్చమ్మ నేల మీద కూలబడి నవ్వింది. నీలా కొంగు నోట్లో కుక్కుకుంది. సిస్టరు కూడా కళ్లద్దాలు తుడుచుకుంటూ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. నా చేతులు పిండిలోనే ఉండిపోయాయి.

పళ్లెం పెట్టగానే పేతురు ఫాదర్ చెయ్యి వెనక్కి తీసుకుని అనే మాట అదే. ఇన్నాళ్లూ ఆయన చాలు, చాలు అంటుంటే నేను వచ్చింది, తినుండ్రి అని కుక్కుతున్నానా? ఆయన తెలుగు అరిగి ఆ ఒక్క మాట మిగిలిందనుకున్నాను. అది తెలుగే కాదేమో, పోయిందనుకున్న సొంత భాష లోపలి నుంచి పైకి వస్తోందేమో. అదే నిజమైతే ఆయన్ని వాళ్లవాళ్ల దగ్గరికి పంపడమే న్యాయం. నేను ఏడ్చి గగ్గోలు పెట్టడం తప్పు. మరి చాలు అన్న మనిషి, నేను వచ్చింది అనగానే ఎందుకు తింటాడు? నా మాట తీసెయ్యలేక తింటున్నాడా?

సిస్టరును అడుగుదామంటే మళ్లీ రూతమ్మ టీచర్ నోటి మీదుగానే పోవాలి. అయినా ఆగలేక అడిగాను.

"టీచరమ్మా, మతి తప్పిన మనిషికి ఆఖర్న ఏ భాష మిగుల్తది, చిన్నప్పటిదా, నడిమిట్ల నేర్చుకున్నదా? జర అడుగు."

ఆమె ఏమని అడిగిందో తెలియదు. సిస్టరు చాలాసేపు చెప్పింది. గుండె మీద చెయ్యి పెట్టుకుంది, కిటికీలోంచి బయటకు చూపించింది, ఒకసారి కళ్లు కూడా ఒత్తుకుంది. అంతా విని రూతమ్మ టీచర్ నా వైపు తిరిగింది.

"ప్రార్థన చేసుకోమంటున్నారండీ."

అంత పొడుగు జవాబు ఇంత పొట్టిది ఎట్లా అయ్యిందో ఆ దేవుడికే తెలియాలి. నేను మళ్లీ పిండిలో చేతులు పెట్టాను.

మూడో రోజు ఉడకబెట్టడం. పిండిని పల్చగా ఒత్తి, లంగా నాడాల్లాగా కోసి, మరిగే ఉప్పునీళ్లలో వేశాం. మెత్తగా ఉడకాలని నేను మూత పెట్టాను. సిస్టరు పరుగెత్తుకొచ్చి మూత తీసేసింది. ఒక నాడా తీసి కొరికి, పళ్ల మీద వేలు పెట్టి చూపించింది.

"పంటికి తగలాలట," అంది రూతమ్మ టీచర్.

నలుగురం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. మాకు తెలిసి తినేటప్పుడు పంటికి తగిలేది రాయి. హాస్టల్లో ఏ పిల్లగాడి పంటికైనా రాయి తగిలిందంటే ఆ పూట నాకు అన్నం సహించదు.

"ఏం తగలాలె?" అంది నీలా అనుమానంగా.

"పలుకుండాలని ఆమె మాట," అంది పిచ్చమ్మ. "లోపల జర పచ్చిగ."

పలుకున్న అన్నం పెడితే మా పిల్లలు కడుపు పట్టుకుని పడుకుంటారు. వంటలో ఏది జరగకూడదని ఇన్నేళ్లూ పొయ్యి దగ్గర కాపలా కాశానో, అదే జరిగేటట్టు ముందే దించాలట. నేర్చుకున్నాను. నేర్చుకోక చస్తానా? చివరికి సిస్టరు నా నాడా కొరికి చూసి, నా బుగ్గ నిమిరింది. అది మెచ్చుకోలే గానీ నాకు చెంపదెబ్బలా తగిలింది.

తిరిగొచ్చిన రోజు పేతురు ఫాదర్‌కు అన్నమే పెట్టాను. ఆయన చెయ్యి వెనక్కి తీసుకుని "బస్తా" అన్నాడు. ఏ బస్తానో కనుక్కుందామని నేను పలకలేదు. నిజంగా చాలు అనేదైతే ముఖం తిప్పుకోవాలి కదా. తిప్పుకోలేదు. అలాగని మళ్లీ అడగనూ లేదు. ఒళ్లో చేతులు పెట్టుకుని అన్నం వైపు చూస్తూ కూర్చున్నాడు. ఆయన లోపల ఏముందో చూసి చెప్పేవాళ్లు ఎవరున్నారు? విసుగొచ్చి, ఏడుపొచ్చి, "వచ్చింది ఫాదర్, పిల్లలు తిన్నరు," అన్నాను. తిన్నాడు. నాకు ఏమీ తేలలేదు.

పెద్దాయన సూర్యాపేట మీదుగా జీపులో వచ్చాడు. లావుపాటి మనిషి, చెమటతో తడిసిపోయాడు. మంచివాడే, నాకు కూడా దండం పెట్టాడు. పేతురు ఫాదర్ ఎదురుగా కూర్చుని వాళ్ల భాషలో మెల్లగా ఏదేదో చెప్పాడు. పేతురు ఫాదర్ బట్టలమ్మ వచ్చిన మూటవాణ్ణి చూసినట్టు మర్యాదగా చూసి ఊరుకున్నాడు. పెద్దాయన ముఖం చిన్నబోయింది.

మధ్యాహ్నం నేను ఆ నాడాలు వండి, టమాటా గుజ్జు పోసి పేతురు ఫాదర్ ముందు పెట్టాను. పెద్దాయన, చిన్న ఫాదర్ అటూ ఇటూ కూర్చున్నారు. పేతురు ఫాదర్ పళ్లెం చూశాడు. చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

"బస్తా."

పెద్దాయన కుర్చీలోంచి లేచినంత పని చేశాడు. చిన్న ఫాదర్‌తో ఇంగ్లీషులో గబగబా మాట్లాడాడు.

"విన్నవా మరియమ్మా," అన్నాడు చిన్న ఫాదర్. "వాళ్ల మాట అన్నడంట. చాలు అని. సొంత భాష మల్ల యాదికొస్తున్నదంట."

"ముద్దన్న ముట్టకముందే చాలెట్లయితది ఫాదర్? బియ్యం బస్తా అడుగుతున్నడు. దినాం అడుగుతడు."

"నువ్వు జర ఆగు."

ఆయన పెద్దాయనకు రెండు ముక్కలు చెప్పాడు. పెద్దాయన నా వైపు జాలిగా చూసి నవ్వాడు. నాకు పళ్లెం ఎత్తి గోడకు కొట్టాలనిపించింది.

అప్పుడు నాకు ఒకటి తోచింది. నేను ఏమీ అనకపోతే ఈయన తినడు. తినకపోతే తీసుకుపోరు. నేను చేయాల్సిందల్లా నోరు మూసుకోవడమే. మూసుకున్నాను. టమాటా గుజ్జు మీద ఆవిరి తగ్గింది. పెద్దాయన చెంచా అందించబోయాడు, పేతురు ఫాదర్ తీసుకోలేదు. ఒళ్లో చేతులు పెట్టుకుని తలెత్తి నన్ను చూశాడు. పొద్దుటి నుంచి ఏమీ తినలేదు మనిషి. గొంతు కదులుతోంది, గుటక మింగుతున్నాడు. నేను పళ్లెం ముందు పెట్టి మనిషిని పస్తు ఉంచుతున్నాను. నా వల్ల కాలేదు.

"వచ్చింది ఫాదర్," అన్నాను. "పిల్లలు తిన్నరు. ఇగ మీరు తినుండ్రి."

ఆయన చేత్తోనే తిన్నాడు. గుజ్జు మణికట్టు దాకా కారింది. నడుమ ఒకసారి నమలడం ఆపి, "ఉడకలే," అన్నాడు. అయినా పళ్లెం ఖాళీ చేశాడు. పెద్దాయన చిన్న ఫాదర్ భుజం తట్టాడు.

"పెద్దాయన శాన సంతోషపడ్డడు," అన్నాడు చిన్న ఫాదర్ నాతో. "పై నెలల ప్రయాణం. టికెట్టు ముందుగాల్నే తీసిండ్రంట."

"ముందుగాల్నే తీసిండ్రా?"

"ఆ."

"మరి నన్ను కోదాడకు ఎందుకు తోలిండ్రు ఫాదర్?"

ఆయన ఖాళీ పళ్లెం నా వైపు జరిపాడు. నాకు కోపం ముంచుకొచ్చింది. తిన్నా పోవాల్సిందే, తినకున్నా పోవాల్సిందే. కానీ ఆ కోపం కింద నుంచి ఇంకొకటి తన్నుకొచ్చింది. అక్కడ ఎవరో పళ్లెం పెడతారు. ఈయన చెయ్యి వెనక్కి తీసుకుని "బస్తా" అంటాడు. చాలన్నాడు గదా అని వాళ్లు పళ్లెం తీసుకుపోతారు. పూట పూటకూ అంతే. ఎవరి తప్పూ లేకుండా ఈయన పస్తులతో పోతాడు.

నేను పోయి పెద్దాయన ముందు నిలబడ్డాను.

"నేను మూడు దినాలు పోయి మీ వంట నేర్చుకున్న. మీరు నా దగ్గర ఒక్క మాట నేర్చుకోండ్రి," అన్నాను. "ఈయన బస్తా అన్నప్పుడల్లా ఎవరన్న ఒగలు వచ్చింది అనాలె. అనకుంటే తినడు. చాలన్నడని మీరు పళ్లెం తీస్తే ఆకలితోటి సస్తడు. పూరాగ చెప్పుండ్రి ఫాదర్, రెండు ముక్కలల్ల గాదు."

ఈసారి చిన్న ఫాదర్ పూర్తిగా చెప్పాడు. చెబుతుంటే ఆయన గొంతు తగ్గిపోయింది. పెద్దాయన నవ్వడం మానేసి, నా వైపు తిరిగి నోరు విప్పాడు.

"వచ్చిండి."

"వచ్చిండి గాదు. వచ్చింది."

"వాచ్చిందీ."

"గట్ల సాగదియ్యకుండ్రి. ఆయనకు అర్థం గాదు. వచ్చింది."

ఆయన మళ్లీ అన్నాడు. తప్పు. ఇంకోసారి అన్నాడు, ఇంకా తప్పు. నోట్లో వేడి ముద్ద పెట్టుకున్నట్టు తిప్పుతున్నాడు. నా ఓపిక ఎప్పుడో అయిపోయింది, అయినా వదల్లేదు. బడిలో పిల్లవాణ్ణి నిలబెట్టినట్టు నిలబెట్టి అనిపిస్తూనే ఉన్నాను. చివరికి ఆయన చెమట తుడుచుకుని, రెండు చేతులూ పైకెత్తి నాకు దండం పెట్టాడు.

"బస్తా," అన్నాడు. "బస్తా, బస్తా."

పేతురు ఫాదర్ తల తిప్పి చూశాడు. ఎంగిలి చేత్తోనే పెద్దాయన మోచెయ్యి పట్టుకుని పక్కన కూర్చోబెట్టుకున్నాడు. ఎన్ని నెలలుగానో వినని స్పష్టమైన గొంతుతో చెప్పాడు.

"వచ్చింది. పిల్లలు తిన్నరు. ఇగ నువ్వు తిను."

ఏమన్నాడని పెద్దాయన చిన్న ఫాదర్‌ను అడిగాడు. చిన్న ఫాదర్ కిటికీ వైపు తిరిగి నిలబడ్డాడు. నేను వంటింట్లోకి పోయి, పెద్దాయనకు పళ్లెంలో అన్నం పెట్టుకొచ్చాను.